బాధ చెబితేనే వింటామా?

స్త్రీల ఉద్యమం మొదట చేసిన పని మౌనాన్ని బద్దలు కొట్టడం. ఇంట్లో తినే తన్నులు, కట్నం వేధింపులు, కూలిలో దోపిడీ, కులం పేరుతో జరిగే అవమానాలు స్త్రీలు తమ నోటితో తామే చెప్పుకోవడానికి వేదికలు కావలసి వచ్చాయి. ఆ వేదికల వెనక ఎందరో స్త్రీల శ్రమ, ధైర్యం ఉన్నాయి. దాన్ని తక్కువ చేసే ఉద్దేశం ఈ వ్యాసానికి ఏ మాత్రం లేదు. అయితే ఇన్నేళ్ల తర్వాత మనం ఒక ప్రశ్న వేసుకోవలసిన అవసరం ఉంది. బాధ చెప్పుకునే స్త్రీని వినడం నేర్చుకున్నాం. బాధ గురించి కాకుండా తనకు నచ్చిన రంగు గురించో, పాట గురించో, తన చేతిపనిలోని మెళకువ గురించో మాట్లాడే స్త్రీని వినడానికి మన దగ్గర చోటు ఉందా?

ఈ ప్రశ్నను ఆల్మా థామస్ అనే చిత్రకారిణి జీవితం ఆధారంగా చర్చిద్దాం. ఆమె అమెరికాకు చెందిన నల్లజాతి స్త్రీ. 1891లో పుట్టి 1978లో చనిపోయింది. సంగీతాన్ని, పూలను, ఆకాశాన్ని రంగుల్లోకి తెచ్చిన నైరూప్య చిత్రకారిణి. నల్లవారి మీద హింస, వేర్పాటు చట్టాలు, పౌరహక్కుల పోరాటం అన్నీ ఆమె కళ్ల ముందు జరిగాయి. అయినా ఆమె పేరు నిలిపిన చిత్రాల్లో ఏడుపు లేదు, కొరడా లేదు, సంకెళ్లు లేవు. ఎందుకు లేవన్నది ఆమె జీవితకాలంలో కొందరిని ఇబ్బంది పెట్టిన ప్రశ్న. మనల్ని కూడా కొంత ఇబ్బంది పెడుతుందనే ఆ జీవితాన్ని ఇక్కడ చర్చకు తీసుకుంటున్నాను.

ముందు ఆమె చిత్రం ఎలా ఉంటుందో చెప్పుకోవాలి. 1976లో, 84 ఏళ్లు దాటిన వయసులో ఆమె గీసిన ఒక పెద్ద చిత్రం పేరుకు అర్థం ‘రాక్ అండ్ రోల్ సంగీతం పాడుతూ నాట్యం చేస్తున్న ఎర్ర అజేలియాలు’. అజేలియా అక్కడి తోటల్లో విరివిగా పూసే పూలమొక్క. మూడు కాన్వాసులు పక్కపక్కన పెడితే ఆరడుగుల ఎత్తు, పదమూడడుగుల వెడల్పు. అందులో పువ్వూ లేదు, పాటగత్తే లేదు. తెల్లటి నేల మీద చిన్న చిన్న ఎర్రటి ముక్కలు మాత్రమే ఉన్నాయి. ఒక చోట దట్టంగా, ఒక చోట పలచగా, ఒక వైపు నుంచి మరో వైపుకు కదులుతున్నట్టు ఉంటాయి. ప్రతి ముక్కకూ పక్క ముక్కకూ మధ్య కొంచెం తెలుపు మిగిలి ఉంటుంది. తాళంలో దెబ్బకూ దెబ్బకూ మధ్య ఉండే విరామం లాంటిది ఆ తెలుపు. దెబ్బ ఎంత ముఖ్యమో విరామమూ అంతే ముఖ్యం. అది లేకపోతే లయ లేదు, ఉత్త చప్పుడే మిగులుతుంది. చిత్రంలో సంగీతాన్ని ఆమె పట్టుకున్నది ఇలాగే. వాయిద్యాన్నో గాయకురాలినో బొమ్మ గీయలేదు, లయను గీసింది.

ఆమె చిత్రాల పేర్లు వరుసగా చదివితే ఒక కచేరీ కార్యక్రమంలా ఉంటాయి. గాలికీ క్రేప్ మర్టిల్ చెట్టుకూ కలిపి ఒక ‘కన్సర్టో’ (1973). గలగలమనే వాగుకూ ఈల వేసే పాప్లర్ చెట్లకూ ఒక ‘సింఫనీ’ (1976). తెల్ల గులాబీలు ‘పాడుతూనే ఉంటాయి’ (1976). శాస్త్రీయ సంగీతం, నల్లవారి రిథమ్ అండ్ బ్లూస్‌లో వేళ్లున్న రాక్ అండ్ రోల్ ఆమెకు ఒకే వరుసలో కూర్చున్నాయి. ఏది గొప్ప సంగీతం, ఏది బజారు సంగీతం అని ఆమె గీత గీయలేదు.

సంగీతానికీ నైరూప్య చిత్రకళకూ సంబంధం గురించి పుస్తకాల్లో ముందు కనిపించే పేరు రష్యన్ చిత్రకారుడు కాండిన్‌స్కీది. 1911 జనవరిలో మ్యూనిక్‌లో షోన్‌బర్గ్ సంగీతం విని వచ్చి ఆయన వేసిన చిత్రం ప్రసిద్ధమైంది. సంగీతం దేన్నీ బొమ్మ కట్టకుండానే మనిషిని కదిలించగలిగినప్పుడు రంగు మాత్రం ఎందుకు కదిలించలేదన్నది ఆయన వాదన. ఆల్మా కూడా ఆ దారిలోనే నడిచింది. అయితే సామాజిక శాస్త్రం చదువుకున్నవాళ్లకు ఇక్కడ ఇంకో విషయం కూడా కనిపించాలి. కాండిన్‌స్కీ 1896లో, 30 ఏళ్ల వయసులో, న్యాయశాస్త్ర అధ్యాపకుడిగా స్థిరపడే అవకాశాన్ని వదులుకుని చిత్రకళ నేర్చుకోవడానికి మ్యూనిక్ వెళ్లాడు. ఆల్మా 1921లో, దాదాపు అదే వయసులో, హోవార్డ్ విశ్వవిద్యాలయంలో చేరింది. ఆయన 45 ఏళ్లు నిండేసరికి సంగీతాన్ని రంగుల్లోకి తెచ్చే చిత్రాలూ, వాటి మీద పుస్తకమూ తయారయ్యాయి. ఆమె తన సొంత శైలిని చేరుకునేసరికి 70 దాటాయి. ఈ తేడాను ప్రతిభతో లెక్కగట్టలేం. ఆ మధ్య ఏళ్లలో ఆమె సమయం ఎటు పోయిందో చూడాలి.

ఆల్మా జార్జియా రాష్ట్రంలోని కొలంబస్ పట్టణంలో నలుగురు అక్కాచెల్లెళ్లలో పెద్దది. తండ్రి వ్యాపారి, తల్లి బట్టలు కుట్టడంలో పేరున్న మనిషి. ఇది పేద కుటుంబం కాదు, నల్లజాతి మధ్యతరగతి కుటుంబం. అయినా ఆ ఊళ్లో గ్రంథాలయం వారికి నిషిద్ధం. నల్లజాతి పిల్లలకు పై చదువులు అందవు. 1906లో అట్లాంటాలో నల్లవారి మీద దాడులు జరిగాయి. 1907లో కుటుంబం వాషింగ్టన్‌కు మారి 15వ వీధిలో ఇల్లు తీసుకుంది. చనిపోయే వరకు ఆమె ఇల్లు అదే.

హోవార్డ్‌లో ఆమె మొదట గృహవిజ్ఞానం చదవడానికి చేరింది. అక్కడ చిత్రకళా విభాగం నెలకొల్పిన జేమ్స్ హెరింగ్ ఆమెను ఆ వైపు తిప్పాడు. 1924లో ఆ విభాగం నుంచి పట్టా పుచ్చుకున్న మొదటి విద్యార్థి ఆమే. అదే ఏడాది షా జూనియర్ హైస్కూల్‌లో డ్రాయింగ్ టీచరుగా చేరి 1960 వరకు అక్కడే పనిచేసింది. 1954లో న్యాయస్థానం తీర్పు వచ్చేదాకా ఆ నగరంలో తెల్లపిల్లల బళ్లు వేరు, నల్లపిల్లల బళ్లు వేరు. ఆమె పాఠం చెప్పింది నల్లపిల్లల బడిలో. పిల్లలకు తోలుబొమ్మలాటకు దగ్గరగా ఉండే తీగబొమ్మలాటలు నేర్పింది. నల్లజాతి చిత్రకారుల పనిని వాళ్లకు చూపించడానికి బడుల్లో ప్రదర్శనలు ఏర్పాటు చేసింది. వేసవి సెలవుల్లో న్యూయార్క్ వెళ్లి కొలంబియా విశ్వవిద్యాలయం టీచర్స్ కాలేజీలో చదివి 1934లో ఎం.ఏ. తెచ్చుకుంది. 1943లో హెరింగ్, అలాంజో ఏడెన్ కలిసి ఒక ఇంట్లో ప్రారంభించిన బార్నెట్-ఏడెన్ గ్యాలరీకి ఉపాధ్యక్షురాలిగా ఉంది. నల్లవారు, తెల్లవారు అని చూడకుండా అందరి చిత్రాలూ ఒకే గోడ మీద పెట్టిన చోటు అది.

ఇదంతా ఇతరుల కళ కోసం చేసిన పని. స్త్రీల శ్రమ గురించి మనం చెప్పే మాట ఇక్కడ అక్షరాలా వర్తిస్తుంది. పిల్లలను తయారు చేయడం, సంస్థలను నిలబెట్టడం, ఇతరుల ప్రతిభకు వేదిక కట్టడం స్త్రీల పనిగా సమాజం సులువుగా ఒప్పుకుంటుంది. తన పని తాను చేసుకుంటానంటే మాత్రం టైమ్ ఉండదు. 1950 నుంచి పదేళ్లపాటు, అంటే 58 ఏళ్లు దాటాక, బడి ఉద్యోగం చేస్తూనే ఆమె అమెరికన్ యూనివర్సిటీలో చిత్రకళ తరగతులకు హాజరైంది. అప్పటిదాకా వేసిన మనుషుల, వస్తువుల బొమ్మలు క్రమంగా నైరూప్యం వైపు జరిగాయి. 1960లో ఉద్యోగ విరమణ. అప్పటికి 68 ఏళ్లు. రోజంతా తన కోసం దొరికింది అప్పుడే.

రోజు దొరికే వేళకు శరీరం ఎదురు తిరిగింది. 1964 ప్రాంతంలో కీళ్లవాతం బాగా ముదిరి, ఇక బొమ్మలు వేయలేనేమో అనుకుంది. ఆ సమయంలో హోవార్డ్ విశ్వవిద్యాలయం వారు ఆమె చిత్రాలతో ఒక ప్రదర్శన పెడతామన్నారు. 1966లో జరిగిన ఆ ప్రదర్శనకు పాతవి కాకుండా కొత్తవి వేయాలని ఆమె పట్టుబట్టి కూర్చుంది. ఇంటి ముందు గది కిటికీలోంచి కనిపించే హోలీ చెట్టు ఆకుల మీద పడే వెలుతురు ముక్కలుముక్కలుగా ఎలా మారుతుందో చూసి, దాన్ని రంగు ముక్కలుగా మార్చింది. ఆమె శైలి అక్కడి నుంచి మొదలైంది. పేరున్న చిత్రకారులకు ఉండే పెద్ద స్టూడియో ఆమెకు లేదు. వంటగదిలో, ముందు గదిలో, కాన్వాసును ఒళ్లో పెట్టుకునో సోఫాకు ఆనించో వేసేది. వంటగది స్త్రీలను బంధించే చోటని మనం ఎన్నోసార్లు రాశాం. ఈ స్త్రీ దాన్ని తన పనిచోటుగా మార్చుకుంది. అయితే దీన్ని ఆదర్శంగా చూపించి, ఆడవాళ్లకు స్టూడియో ఎందుకు, వంటగది చాలదా అనే వాదనకు మాత్రం మనం దారి ఇవ్వకూడదు.

1972లో న్యూయార్క్‌లోని విట్నీ మ్యూజియంలో ఆమె ఒక్కరి చిత్రాలతో ప్రదర్శన జరిగింది. ఆ మ్యూజియంలో అలాంటి ప్రదర్శన దక్కిన మొదటి నల్లజాతి స్త్రీ ఆమె. అప్పటికి ఆమెకు 80 ఏళ్లు. తన చిన్నప్పుడు తమవాళ్లు మ్యూజియంలోకి అడుగు పెట్టడానికే వీల్లేదని, అలాంటిది ఇప్పుడు తన చిత్రాలు అక్కడ వేలాడుతున్నాయని ఆమె అప్పుడు ఒక పత్రికతో అంది. ఆ తలుపు దానంతటది తెరుచుకోలేదు. 1960ల చివరి నుంచి నల్లజాతి కళాకారులు న్యూయార్క్ మ్యూజియంల ముందు నిలబడి నిరసనలు చేశారు. 1971లో లిండా నాక్లిన్ గొప్ప స్త్రీ కళాకారులు ఎందుకు లేరన్న ప్రశ్న వేసి, లోపం స్త్రీలలో లేదు, సంస్థల్లో ఉందని రాసింది. ఒక స్త్రీ వ్యక్తిగత విజయంగా కనబడే దాని వెనక సామూహిక పోరాటం ఉంది. మన చరిత్ర రాసేటప్పుడు ఈ రెండో సగం జారిపోకుండా చూసుకోవాలి.

ఇక అసలు వివాదానికి వద్దాం. 1960లలో నల్లజాతి కళా ఉద్యమంలో ఒక బలమైన అభిప్రాయం ఉండేది. నల్లవారి కళ నల్లవారి జీవితాన్ని, పోరాటాన్ని నేరుగా చూపించాలి, నైరూప్య చిత్రాలు తెల్లవారి విలాసం అని. ఆ అభిప్రాయానికి కారణాలు ఉన్నాయి. వీధుల్లో మనుషులు చనిపోతున్నప్పుడు పూల గురించి బొమ్మలేమిటన్న కోపం అర్థం కాని కోపం కాదు. మరో వైపు తెల్లవారి కళాప్రపంచం నల్లజాతి కళాకారుల నుంచి కోరింది కూడా దాదాపు అదే. వాళ్లు తమ జాతి కష్టాలు చెప్పాలి. రంగు, రూపం, లయ లాంటి ‘విశ్వజనీన’ విషయాలు తెల్ల మగవాళ్ల సొత్తు. రెండు వైపుల నుంచీ ఆమెకు గీసిన గిరి ఒకటే.

ఆల్మాకు రాజకీయాలు తెలియక కాదు. 1963లో వాషింగ్టన్‌లో జరిగిన పౌరహక్కుల మహా ప్రదర్శనకు ఆమె వెళ్లింది. దాని మీద 1964లో చిత్రం వేసింది కూడా. ఆ తర్వాత ఆ దారిలో కొనసాగకూడదని తానే నిర్ణయించుకుంది. మనిషి మనిషికి చేసే క్రూరత్వం మీద కాకుండా అందం మీద, సంతోషం మీద తన రంగులను కేంద్రీకరించాలనుకున్నానని 1970లో చెప్పింది. దీన్ని పలాయనం అని కొట్టిపారేయడం తేలిక. కానీ ఆలోచించండి. అణచివేత మన కూలిని, భూమిని, శరీరాన్ని మాత్రమే తీసుకుని ఊరుకోదు. మన ధ్యాసను కూడా తీసుకుంటుంది. పొద్దున లేస్తే దాని గురించే ఆలోచించాలి, దానికే జవాబు చెప్పాలి. ఆ జవాబు చెప్పే పని జీవితమంతా నా ఒక్కదాని మీదే ఎందుకు పెడతారు, అప్పుడప్పుడు ఎర్రటి పూల మీద నా ధ్యాస నేను పెట్టుకుంటాను అనడం కూడా ఒక హక్కును అడగడమే.

ఇది మధ్యతరగతి స్త్రీ చేయగలిగిన పని, కూలికి పోయే స్త్రీకి ఇదెలా కుదురుతుంది అని ఎవరైనా అడగవచ్చు. అడగాలి కూడా. ఆల్మాకు ఏమేమి ఉన్నాయో లెక్క రాసి చూద్దాం. 35 ఏళ్లపాటు నెలనెలా చేతికొచ్చిన సొంత జీతం. రిటైరయ్యాక చూసుకోవడానికి భర్త, పిల్లలు లేని ఒంటరి జీవితం. ఎవరూ బయటికి పొమ్మనలేని ఇల్లు. ముప్ఫైలో ఒకసారి, యాభై ఎనిమిదిలో ఒకసారి మళ్లీ చదువుకోవడానికి తలుపు తెరిచిన విద్యాసంస్థలు. రోజూ పలకరించే తోటి కళాకారులు. ఈ పట్టికలో దైవదత్తమైనది ఏదీ లేదు. ఉద్యోగ భద్రత, ఇంటి మీద హక్కు, వయోజన విద్య, పనిభారం నుంచి విడుదల అన్నీ మన డిమాండ్ల పత్రాల్లో ఎప్పటి నుంచో ఉన్నవే. ‘ఏ వయసులోనైనా మొదలుపెట్టవచ్చు’ అనే స్ఫూర్తికథగా ఆమె జీవితాన్ని చెప్పడం నాకు నచ్చదు. ఆమె ఒక్కతి అంత ఆలస్యంగానైనా చేరుకోగలిగింది. ఆ లెక్కలో ఒక్కటి తగ్గి చేరుకోలేకపోయిన స్త్రీలు ఎందరన్నది మనం అడగవలసిన ప్రశ్న.

నైరూప్య కళ మనకు పరాయిది, పల్లెటూరి స్త్రీకి అర్థం కాదు అనేది మరో వాదన. మన వాకిళ్లు చూస్తే ఆ వాదన నిలబడదు. చుక్కలు పెట్టి, వాటి చుట్టూ గీత తిప్పి, ఎక్కడ మొదలైందో అక్కడికే తెచ్చి ముగించే మెలికల ముగ్గు దేనికి బొమ్మ? దేనికీ కాదు. అది లెక్క, లయ, సౌష్ఠవం. ఖాళీ వదిలిన నేల కూడా అందులో భాగమే. తెల్లవారితే తొక్కుడుపడి చెరిగిపోయే దాన్ని మళ్లీ మర్నాడు వేస్తారు. ఊడ్పుల్లో, దంపుళ్లలో పాట చేతి కదలికకు లయ ఇచ్చిన సంగతి మనకు తెలుసు. ఈ పనులను ఇంటి ఆనవాయితీ కింద, ఆచారం కింద జమకట్టారు గానీ కళ కింద లెక్కపెట్టలేదు. ఆ లెక్కలో కులం పాత్ర కూడా ఉంది. ఎవరి పాట సంగీతమైంది, ఎవరి పాట జానపదమైంది అనేది స్వరాన్ని బట్టి తేలిన విషయం కాదు.

ఇప్పుడు మన పని దగ్గరికి వద్దాం. స్వచ్ఛంద సంస్థల నివేదికల్లో ‘కేస్ స్టడీ’ అనే భాగం ఒకటి ఉంటుంది. దాని అచ్చు అందరికీ తెలిసిందే. పేరు మార్చిన ఒక స్త్రీ, చిన్నతనంలో పెళ్లి, తాగుబోతు భర్త, అప్పులు, ఆ తర్వాత సంఘంలో చేరిక, మార్పు. ఆ కష్టాలు నిజం, మార్పూ నిజమే. కానీ ఆ స్త్రీ బాగా పాడుతుందని, అద్దకం రంగుల్లో ఆమె కన్ను ఎవరికీ లేదని రాయడానికి ఆ ఫారంలో గడి లేదు. నిధులిచ్చేవారు అది అడగరు. అడగనిది క్రమంగా మనమూ వినడం మానేస్తాం. ఆ స్త్రీకి కూడా ఈ మీటింగులో ఏది చెబితే వింటారో తెలిసిపోతుంది. తన బాధనే తన పరిచయంగా చేసుకుంటుంది. మౌనాన్ని బద్దలు కొట్టడానికి తెచ్చిన పనిముట్టు ఇలా ఇంకో రకం మౌనాన్ని తయారు చేస్తుంది.

ఇందుకు మనం చేయగలిగినవి పెద్ద పనులేం కావు. స్త్రీల రోజువారీ సమయం లెక్కలు తీసేటప్పుడు పనిగంటలతో పాటు తన ఇష్టం కోసం దొరికిన గంటలు కూడా రాయాలి. ఆ గడిలో సున్నా వస్తే దాన్ని కూడా హక్కుల ఉల్లంఘనగా చూడాలి. సంఘం మీటింగుల్లో పాటను సభ మొదలయ్యేలోపు జనాన్ని కూర్చోబెట్టే సాధనంగా మాత్రమే వాడుకోవడం మానాలి. పాడినామెను పేరుతో గుర్తించాలి, ఆ పాట ఎక్కడ నేర్చుకుందో రాసుకోవాలి. వృద్ధ స్త్రీల పింఛను గురించి మాట్లాడేటప్పుడు తిండి, మందుల దగ్గరే ఆగిపోకూడదు. అరవై దాటిన స్త్రీకి కూడా చేయాలనుకున్న పని ఒకటి మిగిలి ఉండవచ్చనే స్పృహ మన వాదనలో కనబడాలి.

2015లో ఆల్మా చిత్రం ఒకటి వైట్ హౌస్ భోజనశాల గోడ ఎక్కింది. అక్కడి శాశ్వత సేకరణలో చేరిన మొదటి నల్లజాతి స్త్రీ చిత్రం అది. 2019లో ఆమె చిత్రం ఒకటి వేలంలో 26 లక్షల డాలర్లకు పైగా పలికింది. ఏ ఊళ్లో గ్రంథాలయం ఆమెకు నిషిద్ధమో ఆ కొలంబస్ మ్యూజియమే 2021లో మరో మ్యూజియంతో కలిసి ఆమె చిత్రాల పెద్ద ప్రదర్శన ఏర్పాటు చేసింది. ఈ గౌరవాలు సంతోషించదగినవే. అయితే చనిపోయిన నలభై ఏళ్లకు వచ్చిన ధర ఒళ్లో కాన్వాసు పెట్టుకుని పనిచేసిన మనిషికి ఏ విధంగానూ ఉపయోగపడదు. బతికి ఉన్న స్త్రీకి కావలసింది సమయం, చోటు, కొద్దిపాటి డబ్బు, చూసి మాట్లాడే నలుగురు మనుషులు.

మన సంఘాల్లో ఉన్న స్త్రీలను ఈసారి కలిసినప్పుడు నీకేం కష్టం వచ్చిందని ఎలాగూ అడుగుతాం, అడగాలి. దానితో పాటు నీకేం చేయాలని ఉంది, నీ చేతికి ఏం వచ్చు అని కూడా అడుగుదాం. వచ్చిన జవాబును రాసుకుందాం. ఆ జవాబుకు మన నివేదికల్లో చోటు లేకపోతే నివేదికలను మార్చుకుందాం.